మూడు సెకన్ల కావలి

2018 ఆగస్టు 31, శుక్రవారం. ఆ ఏటి మొదటి మ్యాచ్ ఆడి మా అబ్బాయి ఇల్లు చేరేసరికి రాత్రి పదకొండు దాటింది. మ్యాచ్ అయ్యాక వాడి వేళ్లకు చుట్టిన టేపు కత్తిరించడం నా పని. చెమటకు నాని, ఆరి, చర్మానికి అతుక్కుపోయిన తెల్లటి గుడ్డ టేపు అది. ఒక్కొక్క వేలూ పట్టుకుని చిన్న కత్తెరతో కోస్తూ ఉంటే, వంటింటి బల్ల మీద వాడి ఫోను మోగడం మొదలుపెట్టింది. గడియారం చూశాను. సరిగ్గా పన్నెండు. ఒక సందేశం చదివేలోగా మరొకటి, దాని వెనకే ఇంకొకటి. వాడి రెండు చేతులూ నా దగ్గరే ఉన్నాయి. "పేర్లు చదువు నాన్నా, చాలు" అన్నాడు. అంతకుముందు టీవీలో మాత్రమే విన్న విశ్వవిద్యాలయాల పేర్లు వరసగా చదివాను.

పదకొండో తరగతి మొదలుపెట్టిన పిల్లలకు తమ జట్టులోకి రమ్మని కళాశాలల అమెరికన్ ఫుట్‌బాల్ కోచ్‌లు నేరుగా సందేశాలు పంపాలంటే అప్పటి నిబంధనల ప్రకారం సెప్టెంబరు 1 దాకా ఆగాలి. ఆగినవాళ్లు ఒక్క నిమిషం కూడా ఎక్కువ ఆగలేదు. తెల్లవారేసరికి నలభై ఒక్క సందేశాలు వచ్చాయి. ఆ అంకె నాకు ఇప్పటికీ గుర్తుండటానికి ఒక కారణం ఉంది, ముందు ముందు చెబుతాను.

ఈ మధ్య డాలస్ చుట్టుపక్కల ఉన్న ఇద్దరు ముగ్గురు తెలుగు తల్లిదండ్రులు ఫోను చేసి, తమ పిల్లలకు ఫుట్‌బాల్ మీద మనసు పడిందని, ఏం చేయమంటారని అడిగారు. ఫోనులో అరగంటలో చెప్పగలిగే సంగతి కాదిది. అందుకని మేము నడిచిన దారిని నడిచినట్టు రాస్తున్నాను.

మాది ఒంగోలు దగ్గర ఒక పల్లె. మా నాన్న ఎడ్లు పెంచేవాడు. సంక్రాంతికీ, తిరునాళ్లకూ జరిగే బండలాగుడు పోటీలకు మా గిత్తలు వెళ్లేవి. అమ్మకానికి వచ్చిన కోడెదూడను మా నాన్న ఎలా చూసేవాడో నాకు కళ్లకు కట్టినట్టు గుర్తుంది. ముందు గిట్టలు, తరవాత మోకాళ్లు, ఛాతీ వెడల్పు, ఆ తరవాతే మూపురం. నేను 2000లో టెక్సస్ వచ్చి సాఫ్ట్‌వేర్ ఉద్యోగంలో స్థిరపడ్డాను. మా ఆవిడ ఫార్మసిస్టు. పిల్లవాడు 2002లో ఇక్కడే పుట్టాడు. మా నాన్న ఎముక వాడికి వచ్చింది. ఏడో తరగతికే నా భుజం దాటాడు. బడిలో ఫుట్‌బాల్ కోచ్ నడవాలో వాడిని చూసి ఆగిపోయాడట. ఆ సాయంత్రం అనుమతి పత్రం తెచ్చాడు. మా ఆవిడ రెండు వారాలు దాని మీద సంతకం పెట్టలేదు.

ఉత్తర టెక్సస్‌లో ఈ ఆటకు ఉన్న స్థానం బయటివాళ్లకు చెబితే నమ్మరు. మా పక్క ఊరు ఆలెన్‌లో హైస్కూలు పిల్లలు ఆడే స్టేడియంలో 18,000 మంది కూర్చోవచ్చు. 2012లో దాదాపు 6 కోట్ల డాలర్లతో కట్టారు. శుక్రవారం రాత్రి ఊరంతా అక్కడే ఉంటుంది. అంత వెలుగులో ఎవరూ చూడని చోటు ఒకటుంది. మావాడికి ఇచ్చింది ఆ చోటే.

మన ఊళ్లలో ఫుట్‌బాల్ అంటే కాలితో తన్నే ఆట కాబట్టి కొంచెం వివరించాలి. అమెరికన్ ఫుట్‌బాల్‌లో బంతి ఉన్న జట్టు తరఫున ముందు వరసలో అయిదుగురు భారీ మనుషులు నిలబడతారు. మధ్యలో సెంటర్, అతనికి అటూ ఇటూ గార్డులు, రెండు చివర్లలో టాకిల్‌లు. ఈ అయిదుగురినీ కలిపి అఫెన్సివ్ లైన్ అంటారు. వాళ్ల వెనక క్వార్టర్‌బ్యాక్ బంతి పట్టుకుని ఎవరికి విసరాలా అని చూస్తూ ఉంటాడు. ఎదుటి జట్టువాళ్లు అతన్ని పడగొట్టడానికి దూసుకొస్తారు. వాళ్లను మూడు సెకన్ల పాటు, మహా అయితే నాలుగు, ఆపి ఉంచడమే ఈ అయిదుగురి పని. క్వార్టర్‌బ్యాక్ కుడిచేతివాటం మనిషి అయితే విసిరేటప్పుడు అతని వీపు ఎడమవైపు ఉంటుంది, అటునుంచి వచ్చేవాడు అతనికి కనపడడు. ఆ వైపు కాపలా కాసేవాడు లెఫ్ట్ టాకిల్. మావాడు లెఫ్ట్ టాకిల్.

వీళ్లు బంతి పట్టుకోరు. ముందుకు విసిరిన బంతిని అందుకునే హక్కు మామూలుగా వీళ్లకు లేదు. చొక్కా మీద 50 నుంచి 79 లోపు అంకె వేయడం అందుకే, దూరం నుంచే తెలియాలని. పట్టికలో ఎవరు ఎన్ని గజాలు పరిగెత్తారో, ఎన్ని పాయింట్లు తెచ్చారో ఉంటుంది, వీళ్లకంటూ గడి ఉండదు. ఎదుటివాడి చొక్కా పట్టి లాగితే జట్టు పది గజాలు వెనక్కి జరగాలి, బంతి కదలకముందే కదిలితే అయిదు గజాలు. మైకులో వాళ్ల అంకె వినపడేది ఆ రెండు తప్పులకే. మంచి పని చేసిన రోజు వాడి పేరు ఎక్కడా వినిపించదు. మొదటి రెండేళ్లు నేను కూడా బంతినే చూశాను. తరవాత ఒక పెద్దాయన, తన మనవడు సెంటర్‌గా ఆడేవాడు, నా మోచెయ్యి పట్టుకుని "బంతిని వదిలేయండి, మీవాడి పాదాలు చూడండి" అన్నాడు. ఆ రోజు నుంచి నాకు ఆట కనపడింది.

పాదాలే అంతా. బంతి కదలగానే ఎడమ పాదం వెనక్కి, పక్కకి జారుతుంది. కుడి పాదం నేల విడవకుండా దాని వెంట వస్తుంది. మళ్లీ ఎడమ, మళ్లీ కుడి. నడుము దిగే ఉండాలి, వీపు నిటారుగా ఉండాలి, రెండు పాదాలూ ఎప్పుడూ దగ్గరపడకూడదు. మూడో అడుగులో ఎదుటివాడు చేతికందే దూరంలోకి వస్తాడు, అప్పుడు రెండు అరచేతులూ వాడి ఛాతీలో దిగాలి. ఒక్క అర సెకను ముందు చేతులు చాచినా పక్కనుంచి జారిపోతాడు. నూట ముప్పై కిలోల మనిషి ఇదంతా వెనక్కి కదులుతూ చేయాలి.

పదో తరగతి అయ్యాక, 2018 జూన్‌లో, ఒక విశ్వవిద్యాలయం నడిపే వేసవి శిబిరానికి తీసుకువెళ్లాను. రుసుము కట్టి వెళ్లే శిబిరం. బూట్లు విప్పించి ఎత్తు కొలిచారు: ఆరడుగుల అయిదంగుళాలు. బరువు 285 పౌండ్లు. భుజం నుంచి వేలి కొస దాకా చెయ్యి ఎంత పొడవో కొలిచారు. అరచెయ్యి పరిచి బొటనవేలి నుంచి చిటికెన వేలి దాకా కొలిచారు. ఒకాయన వెనక నిలబడి వాడి మడమలు, మోకాళ్లు చూసి పక్కనున్నవాడితో ఏదో రాయించాడు. ఎండలో కంచె అవతల నిలబడ్డ నాకు మా నాన్న కోడెదూడ గిట్టలు తడమడం గుర్తొచ్చి గొంతులో ఏదో అడ్డం పడింది. అదే రోజు మధ్యాహ్నం ఆ శిబిరంలోనే మొదటి ఆఫర్, అంటే స్కాలర్‌షిప్ ఇచ్చి జట్టులోకి తీసుకుంటామన్న మాట, వచ్చింది. ఆ సంతోషంలో అది మరిచిపోయాను. మరిచిపోకుండా ఉండవలసింది.

ఆఫర్ అనే మాట గురించి తల్లిదండ్రులు ముందుగా తెలుసుకోవాలి. పన్నెండో తరగతి మొదలయ్యే ఏడు ఆగస్టు 1 దాకా కాగితం మీద ఏదీ ఇవ్వకూడదు. అంతకుముందు వచ్చేవన్నీ నోటిమాటలే. అప్పట్లో ఒక్కో జట్టుకు మొత్తం 85 పూర్తి స్కాలర్‌షిప్‌లు, ఏడాదికి 25 మంది కొత్తవాళ్లు. ఒక లైన్ కోచ్ ముగ్గురు టాకిల్‌లు కావాలనుకుంటే పదిహేను మందికి, ఇరవై మందికి ఆఫర్ చెప్పి ఉంచుతాడు. ముందు ఒప్పుకున్న ముగ్గురితో గడులు నిండిపోతాయి. మావాడికి ఇరవై మూడు ఆఫర్లు వచ్చాయి. అందులో ఒకాయన ప్రతి ఆదివారం ఫోను చేసి మా ఆవిడ ఆరోగ్యం కూడా అడిగేవాడు. ఒక మంగళవారం మరో కుర్రవాడు ఆ జట్టుకు మాట ఇచ్చినట్టు వార్త వచ్చింది. ఆ తరవాత ఆయన నుంచి ఒక్క ఫోను లేదు, మావాడు పంపిన రెండు సందేశాలకు జవాబు లేదు. పదహారేళ్ల పిల్లవాడు ఫోను బల్ల మీద బోర్లించి పెట్టి అన్నం తిన్నాడు ఆ వారమంతా.

నక్షత్రాల సంగతి కూడా చెప్పాలి. 247స్పోర్ట్స్, రైవల్స్ వంటి సంస్థలు హైస్కూలు ఆటగాళ్లకు నక్షత్రాలు ఇస్తాయి. దేశం మొత్తం మీద అయిదు నక్షత్రాలు ముప్పై మందికి అటూ ఇటూ, నాలుగు నక్షత్రాలు ఇంకో మూడు వందల పైచిలుకు మందికి. హైస్కూళ్లలో ఫుట్‌బాల్ ఆడేవాళ్లు దాదాపు పది లక్షల మంది. మావాడికి నాలుగు వచ్చాయి. బంధువులు, కొలీగులు, గుడిలో కనిపించినవాళ్లు అందరూ అభినందించారు. ఆ నాలుగు నక్షత్రాలు వాడికన్నా నన్నే ఎక్కువ కమ్మేశాయి.

మరోపక్క చదువు. కళాశాలలో ఆడాలంటే హైస్కూల్లో పదహారు ప్రధాన కోర్సులు పూర్తిచేయాలి, మార్కుల సగటు నాలుగుకు 2.3 కన్నా తగ్గకూడదు. వీటిని కళాశాల క్రీడలను నడిపే ఎన్‌సీఏఏ అనే సంస్థ వారి అర్హత కేంద్రం చూస్తుంది. మావాడికి ఇది సమస్య కాలేదు. కానీ తొమ్మిదో తరగతిలోనే ఏ కోర్సు లెక్కకు వస్తుందో ఏది రాదో కనుక్కోండి.

2019 ఏప్రిల్ నుంచి అధికారిక సందర్శనలు. ఒక్కో కుర్రవాడికి అయిదే అనుమతించేవారు, ఒక్కోటి 48 గంటలు, ఖర్చంతా విశ్వవిద్యాలయానిదే. మేము నాలుగింటికి వెళ్లాం. మొదటిచోట వాడి పేరు రాసిన లాకరు, వాడి అంకెతో చొక్కా, లక్షమంది పట్టే స్టేడియం మధ్యలో వాడికోసం వెలిగించిన దీపాలు. ప్రధాన కోచ్ గదిలో కూర్చున్నాం. మా ఆవిడ అడిగింది: "రెండో ఏడు వీడి మోకాలు పోతే మీరు ఏం చేస్తారు?" ఆయన నవ్వి, తమ భవనంలోనే స్కానింగ్ యంత్రం ఉందని, దేశంలో ఇంత మంచి వైద్య సదుపాయం మరెక్కడా లేదని చెప్పాడు. నాకు ఆ జవాబు బాగానే ఉందనిపించింది. బయటికి వచ్చాక మా ఆవిడ, "నేను అడిగింది యంత్రం గురించి కాదు" అంది.

మూడోది చిన్న ఊరు, చిన్న స్టేడియం. అక్కడి లైన్ కోచ్ జుట్టు నెరిసిన మనిషి. అదే ప్రశ్న విని చేతిలోని కలం కింద పెట్టాడు. "చదువు పూర్తయ్యేదాకా ఫీజు మా విశ్వవిద్యాలయం కడుతుంది. మళ్లీ ఆడతాడో లేదో నేను మాట ఇవ్వలేను. అప్పటికి నేను ఇక్కడ ఉంటానని కూడా మాట ఇవ్వలేను. అందుకే నా మాట తీసుకోకండి, కాగితంలో ఉన్నది చదవండి" అని ఒప్పంద పత్రం నమూనా తీసి, ఏ వాక్యం ఎక్కడుందో వేలు పెట్టి చూపించాడు. విమానంలో తిరిగి వస్తూ మా ఆవిడ, "ఇక్కడికే పంపుదాం" అంది. మావాడు కిటికీలోంచి చూస్తూ ఊరుకున్నాడు. నేను లక్షమంది స్టేడియం గురించి మాట్లాడాను. ఆ నిర్ణయంలో ఎక్కువ పాలు నాదే. ఇది ఆరేళ్లుగా నా మనసులో ఉన్న మాట, ఇక్కడ రాసుకోవడం నాకు అవసరం.

ఆ శరదృతువులో మావాడు ప్రతి శనివారం ఒరెగాన్ విశ్వవిద్యాలయం ఆటలు చూసేవాడు. అక్కడ పెనే సూవెల్ రెండో ఏడు లెఫ్ట్ టాకిల్‌గా ఆడుతున్నాడు. ఆ ఏడాది అతనికి అవుట్‌లాండ్ ట్రోఫీ వచ్చింది, 1946 నుంచి దేశంలో కెల్లా మేటి లైన్‌మన్‌కు ఇస్తున్న బహుమతి. వాడు ఒకే ఆటను వెనక్కి తిప్పి ఇరవైసార్లు చూసి, హాల్లో లేచి నిలబడి ఆ పాదాల కదలిక చేసి చూపేవాడు. కింద గదిలో దీపాలు అదిరేవి.

2019 డిసెంబరు 18, ముందస్తు సంతకాల రోజు. లక్షమంది స్టేడియం ఉన్న విశ్వవిద్యాలయంతోనే ఒప్పందం. ఇరవై ఒక్క ఏళ్లు నిండని పిల్లవాడైతే తల్లో తండ్రో కూడా సంతకం చేయాలి. వంటింటి బల్ల మీద నేను చేశాను. ఆ ఒప్పంద పద్ధతినే 2024లో తీసేశారు. వాడు హైస్కూలు ఒక సెమిస్టర్ ముందే ముగించి 2020 జనవరిలో కళాశాలలో చేరాడు. మార్చిలో కరోనా. పెట్టె సర్దుకుని ఇంటికి వచ్చాడు.

ఆ నాలుగు నెలలు నా జీవితంలో మంచి రోజులు. కార్లు బయట పెట్టి, గ్యారేజీ నేల మీద నీలం టేపుతో గీతలు అంటించాం. ఎడమ పాదం వెళ్లే దారి ఒకటి, కుడి పాదానిది ఒకటి. నేను మందపాటి దిండు లాంటి ప్యాడ్ ఛాతీకి అడ్డం పట్టుకుని ఎదురు వెళ్లాలి. వాడు మూడు అడుగులు జారి రెండు చేతులూ ప్యాడ్ మీద వేసేవాడు. సగం బలంతోనే వేసేవాడు, అయినా ఆ దెబ్బ నా భుజాల్లోంచి వీపు దాకా పోయేది, నేను బట్టలు ఉతికే యంత్రానికి తగిలి ఆగేవాణ్ణి. "ఇంకోసారి" అనేవాడు. జూన్ నాటికి ఆ నీలం టేపు కుడివైపు మాత్రమే అరిగింది. అంటే కుడి పాదం నేలకు ఈడుస్తున్నాడన్నమాట, బరువు సరిగ్గా ఎడమకు మారడం లేదు. అది నేను కనిపెట్టాను. కోచ్‌కు వీడియో పంపితే నిజమే అన్నాడు. నాకు అదొక ఉద్యోగోన్నతి కన్నా ఎక్కువ.

తరవాతి రెండేళ్లు త్వరగా చెబుతాను. 2020లో వాడు ఒక్క ఆట కూడా ఆడలేదు. కరోనా వల్ల ఆ ఏడాదిని ఎవరికీ అర్హత లెక్కలో, అంటే కళాశాల తరఫున ఆడనిచ్చే ఏళ్ల లెక్కలో, కలపలేదు. అయిదు స్థానాల కోసం పదిహేను పదహారు మంది లైన్‌మన్‌లు ఉంటారు, అందరూ తమ తమ ఊళ్లలో వీరులే. రోజూ వాడి పని ఆ వారం ఎదురయ్యే జట్టులా నటిస్తూ తమ జట్టులోని పెద్దవాళ్లకు సాధన ఇవ్వడం. 2021 జులై 1 నుంచి ఆటగాళ్లు తమ పేరు మీద డబ్బు సంపాదించుకోవచ్చన్నారు. దాని గురించి పత్రికల్లో చాలా చదివాం, సాధన జట్టులోని కుర్రవాడి దగ్గరికి అదేమీ రాలేదు.

2021 అక్టోబరులో ఒక బుధవారం, సాధనలో, వెనకనుంచి ఎవరో పడి వాడి కుడి మోకాలి మీద వాలారు. ఏసీఎల్ స్నాయువు తెగింది. మాకు ఫోను చేసి చెప్పింది కోచ్ కాదు, సహాయకుడిగా చేరిన ఒక విద్యార్థి. ఆపరేషన్ బాగా చేశారు. దాని మీద నాకు ఫిర్యాదు లేదు. కానీ ఆ వారం, ఆ పై వారం, వాడిని జట్టులోకి తెచ్చిన మనుషుల్లో ఒక్కరూ వాడి గదికి రాలేదు. నవంబరులో ప్రధాన కోచ్‌ను తీసేశారు. ఆయనతో పాటే లైన్ కోచ్ వెళ్లిపోయాడు. కొత్తగా వచ్చినాయన మావాడిని పిలిచి ఏడు నిమిషాలు మాట్లాడాడు. నీకు ఇక్కడ ఆడే అవకాశం కనపడటం లేదు, వేరేచోటు చూసుకోవడం నీకే మంచిది అన్నాడు. పెద్ద కాన్ఫరెన్సుల్లో, అంటే పెద్ద విశ్వవిద్యాలయాల జట్లు కలిసి ఆడే లీగుల్లో, 2015 నుంచి గాయం వల్లో, ఆట బాగా లేదనో స్కాలర్‌షిప్ తీసేయకూడదు. ఆ నియమం తెలియక ఎంతోమంది పిల్లలు ఆ ఏడు నిమిషాలు విని భయపడి వెళ్లిపోతారు. మావాడికి తెలుసు, వాళ్లమ్మ చెప్పింది. ఉండిపోవచ్చు. కానీ వాడికి ఆడాలని ఉంది.

ట్రాన్స్‌ఫర్ పోర్టల్ అనేది వేరే విశ్వవిద్యాలయానికి మారాలనుకునే ఆటగాళ్ల పేర్లతో 2018 అక్టోబరులో వచ్చిన ఒక జాబితా. అప్పట్లో ఆటగాడు ఎప్పుడు రాతపూర్వకంగా అడిగినా రెండు పనిదినాల్లోపు పేరు అందులో చేర్చాల్సి ఉండేది. 2021 వసంతంలో, మొదటిసారి మారేవాడు ఏడాది ఆగకుండా వెంటనే ఆడవచ్చన్నారు. మావాడి పేరు చేరిన రాత్రి ఇంట్లోనే ఉన్నాడు. కాలు దిండు మీద, మోకాలికి కట్టు. ఫోను చేతిలో పెట్టుకుని కూర్చున్నాడు. నేను పక్కన కూర్చున్నాను. పన్నెండయింది, ఒంటిగంటయింది. ఒక్కటి కూడా రాలేదు. నలభై ఒక్క సందేశాలు వచ్చిన రాత్రి నుంచి మూడేళ్ల మూడు నెలలు గడిచాయి. ఆ నలభై ఒక్కరికీ వీడి పేరు తెలుసు, వీడి మోకాలి సంగతీ తెలుసు. రెండు గంటలకు మా ఆవిడ దీపం ఆర్పింది.

రెండు రోజుల తరవాత ఒక్క ఫోను వచ్చింది, చిన్న ఊరి లైన్ కోచ్ నుంచి. "మీ అమ్మగారు మోకాలి గురించి అడిగారు కదా, జవాబు చెప్పాల్సిన రోజు వచ్చింది" అన్నాడట. అప్పుడు నేను గ్యారేజీలోకి వెళ్లి కాసేపు నిలబడ్డాను. నీలం టేపు ముక్కలు ఇంకా నేల మీద ఉన్నాయి.

2022 జనవరిలో అక్కడికి మారాడు. చదువులో దెబ్బ తగిలింది. సివిల్ ఇంజినీరింగ్ క్రెడిట్లలో పదకొండు కొత్తచోట ఒప్పుకోలేదు. మారే పిల్లలు ముందుగా అడగవలసిన విషయం ఇది, ఎవరూ అడగరు. పది నెలలు మోకాలికి వ్యాయామాలు. పూర్వపు వేగం ఎడమ చివర సరిపోదని కోచ్ చెప్పి వాడిని లోపలికి, గార్డు స్థానానికి, మార్చాడు. చివర ఉండేవాడికి పాదాలు ముఖ్యం, లోపలివాడికి నడుము. 312 పౌండ్లకు చేరాడు, అంటే 140 కిలోల పైన. రోజుకు ఆరుసార్లు తినేవాడు. తినడం కూడా ఒక షిఫ్టు లాగే ఉంటుందని, ఆకలి అంటే ఏమిటో మరిచిపోయానని ఒకసారి వాళ్లమ్మతో అన్నాడు.

2023 సెప్టెంబరులో మొదటిసారి మొదటి అయిదుగురిలో ఒకడిగా దిగాడు. హైస్కూలు వదిలిన నాలుగో ఏడు. నేను, మా ఆవిడ వెళ్లాం. నేను బంతి చూడలేదు, వాడి చొక్కా మీది 73ను మాత్రమే చూశాను. వాడు ఎదుటివాడి మీదికి దిగడం అరవై ఎనిమిది సార్లు లెక్కపెట్టాను. మూడో భాగంలో ఒక్క గజం కావలసిన చోట, వాడు నడుము దించి ఎదుటివాడిని రెండు అడుగులు వెనక్కి నడిపించాడు. అచ్చం బండ కదిలేటప్పుడు గిత్త మోకాళ్లు వంచినట్టు వంచాడు. ఆ సందులోంచి పరిగెత్తినవాడు గీత దాటి, బంతి పడేసి, ముందు మావాడి దగ్గరికి వచ్చి వాడి హెల్మెట్ పట్టుకున్నాడు. జనం పరిగెత్తినవాడి పేరు అరిచారు. పక్క సీటాయన నన్ను ఎందుకు ఏడుస్తున్నారని అడిగాడు.

ఆ రెండేళ్లలో ఇరవై రెండు మ్యాచ్‌లు మొదటి నుంచి ఆడాడు. పేరు మీద వచ్చిన డబ్బు తక్కువే, ఊళ్లో ఒక మాంసం హోటలు అయిదుగురికీ కలిపి ఇచ్చింది. లైన్ మొత్తానికి కలిపి ఇచ్చే జో మూర్ పురస్కారం అని 2015 నుంచి ఒకటుంది, అది తమకు రాదని తెలిసినా ఆ అయిదుగురూ దాని గురించే మాట్లాడుకునేవారు. ఇప్పటి పిల్లల లెక్క వేరు. 2025 జూన్‌లో కోర్టు ఆమోదించిన ఒప్పందంతో అందులో చేరిన విశ్వవిద్యాలయాలు ఆటగాళ్లకు నేరుగా డబ్బు ఇస్తున్నాయి, మొదటి ఏడాదికి ఒక్కోచోట 2 కోట్ల 5 లక్షల డాలర్ల దాకా. 85 స్కాలర్‌షిప్‌ల పరిమితి పోయి 105 మంది ఆటగాళ్ల పరిమితి వచ్చింది. డబ్బు వస్తే సంతోషమే. కాగితం మాత్రం అప్పటికన్నా ఎక్కువ జాగ్రత్తగా చదవాలి.

2024 డిసెంబరులో పట్టా వచ్చింది. అర్హత ఇంకో ఏడాది ఉంది. కోచ్ రమ్మన్నాడు. వాడు ఫోను చేసి, "నాన్నా, చాలిస్తాను" అన్నాడు. మోకాలా అని అడిగాను. మోకాలు, ఎడమ భుజం, ఇంకా తల అన్నాడు. లైన్‌లో ఆడేవాడికి బంతి కదిలిన దాదాపు ప్రతిసారీ తల తగులుతుంది. పెద్ద దెబ్బలు కావు, చిన్నవి, వేలకొద్దీ. మెదడుకు హాని చేసేది పెద్ద దెబ్బలే కాదు, ఇలా ఏళ్ల తరబడి పోగుపడే చిన్న తాకిళ్లు కూడా అని బోస్టన్ విశ్వవిద్యాలయం పరిశోధకులు చెబుతున్నది వాళ్లమ్మ ఎప్పుడో చదివి వాడికి పంపింది. వాడు చదివాడని మాకు తెలియదు. నేను ఒక్క క్షణం కూడా ఆలోచించకుండా "సరే నాయనా" అన్నాను. అంత త్వరగా నేను ఒప్పుకుంటానని వాడు అనుకోలేదు. అవతల చాలాసేపు మౌనం.

2025 జూన్‌లో ఊరికి తీసుకువెళ్లాను. అప్పటికి 250 పౌండ్లకు దిగాడు. మా నాన్న లేడు, కొట్టం ఉంది. మా అమ్మ వరండాలో విస్తరి వేసింది. వాడు బాసిపట్టు వేయబోతే కుడి మోకాలు మడవలేదు. మా అమ్మ చూసి, ఏమీ అనకుండా లోపలికి వెళ్లి ఎత్తుపీట తెచ్చింది.

సాయంత్రం వాకిట్లో కుర్చీ వేసుకుని అడిగింది. "అన్నేళ్లు అక్కడ నువ్వు చేసిందేమిటి నాయనా? మీ నాన్న ఎంత చెప్పినా నాకు అర్థం కాలేదు." వాడికి తెలుగులో చెప్పడం రాలేదు. చెప్పులు విప్పి, నీళ్లు చల్లిన వాకిట్లో నిలబడ్డాడు. నడుము దించాడు, కుడి చేతి వేళ్లు నేలకు ఆనించాడు. నేను బంతి కదిలినట్టు చప్పట్లు కొట్టాను. ఎడమ పాదం జారింది, కుడి పాదం వెంట వచ్చింది, మూడో అడుగుకు రెండు చేతులూ గాలిలోకి వెళ్లి ఆగాయి. తడి మట్టిలో రెండు పొడుగు గీతలు పడ్డాయి. మా అమ్మ ఆ గీతల వంక చూసి, కుర్చీలో ముందుకు వంగింది.

"మళ్లీ చెయ్యి, ఈసారి మెల్లగా."